పెద్దల పక్షాన చిన్న పార్టీ: నమోదు నుంచి ఎన్నికల లెక్కల దాకా

అరవై దాటినవాళ్ల సమస్యలే ఎజెండాగా ఒక పార్టీ పెడదామన్న మాట పింఛనుదారుల సంఘాల సమావేశాల్లో తరచూ లేస్తుంది. టీ కప్పులు ఖాళీ అయ్యేలోపే చల్లారిపోతుంది కూడా. దాన్ని నిజంగా పట్టాలెక్కించాలనుకునేవారి కోసం ఈ వివరాలు. ఉదాహరణలు ఆంధ్రప్రదేశ్, తెలంగాణలవే అయినా నమోదు నిబంధనలు దేశమంతటా ఒకటే.

ముందు తేల్చుకోవాల్సింది ఒకటుంది. సొసైటీగా నమోదైన సంఘం వినతిపత్రం ఇవ్వగలదు, ధర్నా చేయగలదు, హైకోర్టులో పిటిషన్ వేయగలదు. పార్టీ అదనంగా చేయగలిగింది ఒక్కటే: తన పేరుతో అభ్యర్థిని నిలబెట్టడం. ఆ ఒక్క హక్కు కోసం ఏటా ఆడిట్, విరాళాల నివేదిక, ఎన్నికల ఖర్చుల లెక్క అన్నీ మీద పడతాయి. అయిదేళ్లలోపు శాసనసభకో లోక్‌సభకో అభ్యర్థిని నిలిపే ఉద్దేశం లేకపోతే సంఘంగా ఉండటమే మేలు.

గెలుపు లెక్క కూడా ముందే తెలిసుండాలి. ఇజ్రాయెల్‌లో పింఛనుదారుల పార్టీ గిల్ 2006లో 120 సీట్లున్న పార్లమెంటులో 7 గెలిచింది. అక్కడ దేశం మొత్తం ఒకే నియోజకవర్గం, వచ్చిన ఓట్ల నిష్పత్తిలో సీట్లు పంచుతారు. మన దగ్గర నియోజకవర్గంలో అందరికన్నా ఎక్కువ ఓట్లు వచ్చినవాడే గెలుస్తాడు. రాష్ట్రమంతా సమానంగా నాలుగు శాతం ఓట్లు తెచ్చుకున్నా ఒక్క సీటూ రాదు. కాబట్టి మన పద్ధతిలో ఇలాంటి పార్టీ బలం సీట్లలో కాదు, గెలుపోటముల తేడాలో ఉంటుంది. మూడు వేల ఓట్ల తేడాతో తేలే నియోజకవర్గంలో నాలుగు వేల పెద్దల ఓట్లు ఒకచోట ఉన్నాయని లెక్కతో చూపగలిగితే పెద్ద పార్టీలు మీ కాగితం చదువుతాయి. అందుకే రాష్ట్రమంతా పలుచగా పరుచుకోకుండా, రిటైరైనవాళ్లు ఎక్కువగా ఉండే కొన్ని నియోజకవర్గాలు ఎంచుకుని అక్కడే పాతుకోండి.

నమోదు: 30 రోజుల గడియారం

ప్రజాప్రాతినిధ్య చట్టం, 1951లోని 29ఏ సెక్షన్ కింద పార్టీ నమోదవుతుంది. పార్టీ ఏర్పడిన తేదీ నుంచి 30 రోజుల్లోపు దరఖాస్తు న్యూఢిల్లీ అశోకా రోడ్డులోని నిర్వాచన్ సదన్‌కు, ఎన్నికల సంఘం కార్యదర్శి పేరిట చేరాలి. రిజిస్టర్డ్ పోస్టులో పంపవచ్చు, స్వయంగా ఇవ్వవచ్చు. ఆలస్యమైతే తీసుకోరు. చాలామంది తడబడేది ఇక్కడే: ఉగాదికో, వయోవృద్ధుల దినమైన అక్టోబరు 1కో ఆర్భాటంగా ఆవిర్భావ సభ పెట్టేసి, ఆ తర్వాత కాగితాలు మొదలుపెడతారు. నూరు మంది అఫిడవిట్లు పోగయ్యేసరికి నెల దాటిపోతుంది.

పని తలకిందులుగా చేయండి. నియమావళి ముసాయిదా, సభ్యుల జాబితా, ఓటరు జాబితా నకళ్లు, కార్యాలయ భవన యజమాని నిరభ్యంతర పత్రం ముందు సిద్ధం చేసుకోండి. అఫిడవిట్లలో 'నేను ఫలానా పార్టీ సభ్యుడిని' అని ఉంటుంది కాబట్టి వాటి మీద సంతకాలు పార్టీ పుట్టాకే పడాలి. ఆవిర్భావ సమావేశం జరిగే హాలుకే నోటరీని పిలిపించుకుంటే ఆ పూటే చాలావరకు పూర్తవుతుంది.

దరఖాస్తుతో వెళ్లాల్సినవి: ఎన్నికల సంఘం అండర్ సెక్రటరీ పేరిట 10,000 రూపాయల డిమాండ్ డ్రాఫ్టు (తిరిగి రాదు), ప్రతి పేజీ మీదా అధ్యక్షుడో ప్రధాన కార్యదర్శో సంతకం చేసి ముద్ర వేసిన నియమావళి, కనీసం 100 మంది సభ్యుల తాజా ఓటరు జాబితా ధ్రువీకృత నకళ్లు, ఆ 100 మంది విడివిడి అఫిడవిట్లు, పార్టీ తరఫున ఒక అఫిడవిట్, బ్యాంకు ఖాతా, పాన్ వివరాలు ఉంటే అవి. అఫిడవిట్లను ఫస్ట్ క్లాస్ మేజిస్ట్రేట్, ఓత్ కమిషనర్ లేదా నోటరీ ముందు చేయించాలి. ఎన్నికల సంఘం వెబ్‌సైట్‌లో చెక్‌లిస్టు ఉంది. అది ప్రింటు తీసుకుని ఒక్కో అంశం పక్కన పేజీ నంబరు రాసి పంపితే ప్రశ్నలు తగ్గుతాయి. దరఖాస్తు ఎక్కడిదాకా వచ్చిందో 2020 నుంచి ఆన్‌లైన్‌లో చూసుకోవచ్చు.

నూరు మంది చాలంటే నూరు మందితోనే సరిపెట్టకండి. నూటపాతిక మందిని సిద్ధం చేయండి. ఈ వయసు సభ్యుల్లో ఇద్దరు ముగ్గురు కొడుకు దగ్గరికి అమెరికా వెళ్లిపోతారు, ఒకరు ఆసుపత్రిలో ఉంటారు. అంతకన్నా ఎక్కువగా ఇబ్బంది పెట్టేవి వేరే ఉన్నాయి. ఆధార్‌లో ఇంటిపేరు పూర్తిగా ఉండి, ఓటరు జాబితాలో పొడి అక్షరం మాత్రమే ఉండటం. ఉంటున్నది హైదరాబాద్‌లో, ఓటు ఉన్నది సొంతూళ్లో కావడం. అప్పుడు నకలు ఆ ఊరి నియోజకవర్గ ఓటరు నమోదు అధికారి దగ్గరే తేవాలి. ఇక మూడోది ఎవరికీ గుర్తుండదు: ప్రమాద బీమా వస్తుందని వంద రూపాయలు కట్టి ఎప్పుడో ఏదో పార్టీ సభ్యత్వం తీసుకుని ఉంటారు. 'మరే పార్టీలోనూ సభ్యుడిని కాను' అని ప్రమాణం చేయిస్తున్నారు కనుక ముందు ఆ పార్టీకి రాజీనామా లేఖ పంపించి, రసీదు ఫైల్లో పెట్టండి.

పేరు ఇప్పటికే ఉన్న పార్టీని పోలి ఉండకూడదు, అందులో మతం గానీ కులం గానీ కనిపించకూడదు. 'సీనియర్ సిటిజన్', 'పెన్షనర్' మాటలతో ఎవరైనా ముందే నమోదై ఉన్నారేమో ఎన్నికల సంఘం జాబితాలో వెతకండి. దరఖాస్తు సరిగ్గా ఉంటే పార్టీ పేరుతో రెండు జాతీయ, రెండు స్థానిక దినపత్రికల్లో రెండు రోజులు ప్రకటన ఇమ్మంటారు. అభ్యంతరాలకు మామూలుగా 30 రోజుల గడువు ఉంటుంది. మొత్తం నమోదులో అతి పెద్ద ఖర్చు ఈ ప్రకటనలదే. చిన్న సైజు ప్రకటన చాలు, నాయకుల ఫోటోలు అక్కర్లేదు.

నియమావళిలో ఏం రాయాలి

రాజ్యాంగానికి, సామ్యవాదం, లౌకికవాదం, ప్రజాస్వామ్యం అనే సూత్రాలకు కట్టుబడి ఉంటామని, దేశ సార్వభౌమత్వాన్ని, ఐక్యతను, సమగ్రతను కాపాడతామని రాసే వాక్యం చట్టంలో ఉన్నట్టే ఉండాలి. మీ శైలిలో తిప్పి రాస్తే వెనక్కి వస్తుంది. పదవుల కాలపరిమితి, సంస్థాగత ఎన్నికలు (అయిదేళ్లకు మించకుండా), విలీనం, రద్దు, నమోదైన అయిదేళ్లలోపు పోటీ చేస్తామన్న హామీ, ఏటా ఆడిట్ ఇవన్నీ తప్పనిసరి. శాశ్వత అధ్యక్షుడు, వ్యవస్థాపకుడికి వీటో లాంటివి పెట్టకండి. 2022లో వైఎస్సార్ కాంగ్రెస్ విషయంలో శాశ్వత అధ్యక్ష పదవి ప్రజాస్వామ్య విరుద్ధమని ఎన్నికల సంఘం చెప్పింది. అంత పెద్ద పార్టీకే కుదరనిది మీకు కుదరదు.

చట్టం అడగకపోయినా పెద్దల పార్టీకి కావాల్సిన నిబంధనలు కొన్ని ఉన్నాయి. పదవిలో ఉన్నవారు చనిపోయినా, మంచాన పడినా, మూడు నెలలకు పైగా ఊళ్లో లేకపోయినా ఎవరు బాధ్యత తీసుకుంటారో పేరు పేరునా పదవుల వారీగా రాయండి. బ్యాంకు ఖాతాకు ముగ్గురు సంతకందారులను పెట్టి, ఏ ఇద్దరు చేసినా చెల్లేలా చేయండి. ఇద్దరినే పెట్టి ఇద్దరి సంతకాలూ కావాలంటే ఒకరు ఐసీయూలో చేరిన వారం పార్టీ స్తంభిస్తుంది. సమావేశాల్లో వీడియో కాల్ హాజరును కోరంలో లెక్కించవచ్చని రాయండి, లేకపోతే వానాకాలంలో కోరం ఉండదు.

సభ్యత్వాన్ని అరవై దాటినవాళ్లకే పరిమితం చేయడం పెద్ద పొరపాటు. పోలింగ్ ఏజెంటుగా తెల్లవారుజాము మాక్ పోల్ నుంచి యంత్రానికి సీలు వేసేదాకా కూర్చోవాలి. ఆన్‌లైన్ పోర్టల్‌లో లెక్కలు ఎక్కించాలి. ఇంట్లో తల్లిదండ్రులను చూసుకుంటున్న నలభై, యాభై ఏళ్లవాళ్లకు మీ డిమాండ్లు మీకన్నా బాగా అర్థమవుతాయి. వాళ్లను కార్యవర్గంలో మూడో వంతైనా ఉంచండి.

మిగతా విషయాల మీద పార్టీ వైఖరి ఎలా తేల్చాలన్నది కూడా ఇక్కడే రాసుకోవాలి. నెదర్లాండ్స్‌లో 1994లో పెద్దల పార్టీ ఏఓవీ 6 సీట్లు గెలిచింది. ప్రభుత్వ వృద్ధాప్య పింఛను మీద కోత పడుతుందన్న కోపమే వాళ్లను గెలిపించింది. కానీ అంతర్గత కలహాలతో ముక్కలై 1998లో సభలోనే లేకుండా పోయింది. ఇజ్రాయెల్ గిల్‌కు 2009లో ఒక్క సీటూ రాలేదు. స్లొవేనియాలో పింఛనుదారుల పార్టీ దేసుస్ మాత్రం రెండు పక్షాల ప్రభుత్వాల్లోనూ చేరుతూ 2022 ఎన్నికల దాకా పార్లమెంటులో నిలిచింది. పింఛను మీద ఒకటయ్యేవాళ్లు రాజధాని మీదో రిజర్వేషన్ల మీదో ఒకటి కారు. అందుకే 'పెద్దలకు నేరుగా సంబంధం లేని అంశాలపై పార్టీ వైఖరి ఉండదు, సభ్యులు తమ అభిప్రాయం తమ పేరుతో చెప్పవచ్చు' అని ఒక నిబంధన పెట్టుకుంటే సగం గొడవలు పుట్టవు.

డిమాండ్లు రాసేటప్పుడు

'వృద్ధులకు గౌరవప్రదమైన జీవితం' అని రాస్తే ఎవరూ కాదనరు, ఎవరూ ఏమీ చేయరు. ప్రతి డిమాండుకు మూడు విషయాలు ఉండాలి: ఇప్పుడు ఎంత ఉంది, ఎంత కావాలి, సంతకం పెట్టాల్సింది ఎవరు. మేనిఫెస్టోలో హామీకి ఆధారం, డబ్బు ఎక్కడి నుంచి తెస్తారో చెప్పాలని ఎన్నికల సంఘం మార్గదర్శకాలు కూడా అడుగుతున్నాయి.

వృద్ధాప్య పింఛనునే తీసుకోండి. ఇందిరాగాంధీ జాతీయ వృద్ధాప్య పింఛను పథకంలో కేంద్రం వాటా 60 నుంచి 79 ఏళ్లవారికి నెలకు 200, 80 దాటితే 500 రూపాయలు. అదీ దారిద్ర్యరేఖ దిగువన ఉన్నవారికే. మిగతాదంతా రాష్ట్రం వేసుకునేది. ఆంధ్రప్రదేశ్‌లో 2024 జూలై నుంచి పింఛను 4,000 అయింది, తెలంగాణలో 2019లో 2,016కు పెరిగింది. 'పింఛను పెంచాలి' అని కలెక్టరేట్ ముందు కూర్చుంటే రాష్ట్రం మీద ఒత్తిడి, కేంద్రానికి విశ్రాంతి. 200ను 1,000 చేయమని అడిగితే లక్ష మందికి నెలకు 8 కోట్లు, ఏడాదికి 96 కోట్లు అదనం. ఈ లెక్క కరపత్రంలోనే వేయండి. డబ్బెక్కడిదని అడిగేవాడికి జవాబు ముందే ఉంటుంది, మీకు లెక్కలు తెలుసన్న సంగతీ తెలుస్తుంది.

ప్రైవేటు ఉద్యోగాలు చేసి రిటైరైనవాళ్లది వేరే బాధ. ఈపీఎస్-95 (ప్రావిడెంట్ ఫండ్ సంస్థ నడిపే ఉద్యోగుల పింఛను పథకం) కనీస పింఛను 2014 సెప్టెంబరు నుంచి 1,000 రూపాయల దగ్గరే ఉండిపోయింది. ఇది కేంద్ర కార్మిక శాఖ వ్యవహారం, కాబట్టి లోక్‌సభ అభ్యర్థుల ముందు పెట్టాల్సిన డిమాండు. రైల్వే రాయితీ కూడా అంతే: పురుషులకు 60 ఏళ్ల నుంచి 40 శాతం, స్త్రీలకు 58 నుంచి 50 శాతం ఉండేది, 2020 మార్చిలో ఆపేశారు. 70 దాటిన అందరికీ ఆదాయంతో పనిలేకుండా ఏడాదికి అయిదు లక్షల వైద్యం ఇచ్చే వయో వందన కార్డు 2024 అక్టోబరులో వచ్చింది. అక్కడ కొత్త పథకం అడగడం కన్నా, మీ జిల్లాలో ఏయే ఆసుపత్రులు ఆ కార్డు తీసుకుంటున్నాయో, ఏ జబ్బులకు తిప్పి పంపుతున్నాయో రాసి పెట్టుకోవడం ఎక్కువ పనికొస్తుంది.

బస్సుల్లో మహిళలకు తెలంగాణలో 2023 డిసెంబరు నుంచి, ఆంధ్రప్రదేశ్‌లో 2025 ఆగస్టు నుంచి ఉచిత ప్రయాణం ఉంది. దానితో పోల్చి 'పెద్దాయన ఏం పాపం చేశాడు' అని అడగాలనిపిస్తుంది. అలా అడగకండి. సగం మంది ఓటర్లు, అందులో మీ పెద్దావిడలూ, తమ పథకం మీద ఫిర్యాదుగా వింటారు. రాయితీ ఎంత, ఏ బస్సుల్లో అని విడిగా అడగండి.

రెండు ఎన్నికల మధ్య

ఇలాంటి పార్టీకి ఓట్లు తెచ్చేది సభలు కావు, హెల్ప్ డెస్కు. వారానికి రెండు పూటలు తెరిచే ఒక గది, ఒక రిజిస్టరు, కాగితాలు రాయగలిగే ఇద్దరు చాలు.

ఎక్కువగా వచ్చేవి పిల్లలు చూడటం లేదన్న ఫిర్యాదులు. తల్లిదండ్రుల, వయోవృద్ధుల పోషణ, సంక్షేమ చట్టం 2007 ప్రకారం ఆర్డీఓ నేతృత్వంలోని ట్రైబ్యునల్‌కు దరఖాస్తు ఇవ్వాలి. 60 దాటినవారు తామే ఇవ్వవచ్చు, చేయలేకపోతే వాళ్లు అధికారమిచ్చిన వ్యక్తి గానీ సంస్థ గానీ ఇవ్వవచ్చు. భరణం గరిష్ఠంగా నెలకు 10,000. నోటీసు అందాక 90 రోజుల్లో తేల్చాలి, తప్పనిసరైతే ఇంకో 30 రోజులు. తీర్పు మీద 60 రోజుల్లోపు అప్పీలు. దరఖాస్తులో నెలవారీ మందుల ఖర్చు బిల్లులు, ఏ పిల్లలకు ఏ ఆస్తి ఇచ్చారో దస్తావేజు నంబరుతో సహా జత చేయండి. 'నా కొడుకు చూడటం లేదు' అన్న ఒక్క వాక్యంతో ఇస్తే వాయిదాల్లో నలుగుతుంది.

ఆస్తి వెనక్కి తీసుకునే 23వ సెక్షన్ గురించి అందరూ విన్నారు, షరతు గురించి వినలేదు. చూసుకోవాలన్న షరతుతో రాసిచ్చి, వాళ్లు చూడకపోతేనే ఆ బదిలీని రద్దు చేయమని అడగవచ్చు. 2025 జనవరిలో సుప్రీంకోర్టు ఈ సెక్షన్‌ను పెద్దలకు అనుకూలంగా ఉదారంగా చదవాలని చెప్పింది. అయినా గిఫ్ట్ డీడ్‌లోనే ఆ షరతు స్పష్టంగా రాయించుకోవడమే క్షేమం. రిజిస్ట్రేషన్‌కు ముందు మీ దగ్గరికి వచ్చి ఆ ఒక్క వాక్యం రాయించుకునేలా ఊళ్లో చాటింపు వేయగలిగితే, ఏ మేనిఫెస్టో చేయని మేలు జరుగుతుంది.

డెస్కులో ఎవరి దగ్గరా రూపాయి తీసుకోకండి, దరఖాస్తు రాసినందుకు విరాళం కూడా వద్దు. కుటుంబ తగాదాలో రెండో పక్షం మొదట వేసే నింద అదే. 14567 ఎల్డర్‌లైన్ నంబరు గోడ మీద పెద్ద అక్షరాలతో రాయించండి. మీ గది మూసి ఉన్నప్పుడు అదైనా ఉంటుంది.

గుర్తు

గుర్తింపు లేని నమోదిత పార్టీకి (గుర్తింపుకు కావాల్సినన్ని ఓట్లు, సీట్లు ఇంకా రాని పార్టీకి) సొంత గుర్తు ఉండదు. 1968 గుర్తుల ఉత్తర్వు 10బీ పేరా కింద ఉమ్మడి గుర్తు (అభ్యర్థులందరికీ ఒకే గుర్తు) కోసం దరఖాస్తు పెట్టాలి. సభ గడువు ముగియడానికి ఆరు నెలల ముందు నుంచి తీసుకుంటారు, ముందొచ్చినవారికి ముందు. శాసనసభ స్థానాల్లో కనీసం 5 శాతం చోట్ల పోటీ చేస్తామని ఒప్పుకోవాలి. అంటే 175 స్థానాలున్న ఆంధ్రప్రదేశ్‌లో 9, 119 ఉన్న తెలంగాణలో 6. 2024 జనవరి నుంచి మూడేళ్ల ఆడిట్ లెక్కలు, గత రెండు ఎన్నికల ఖర్చుల నివేదికలు కూడా జత చేయాలి. ఆడిట్ ఎగ్గొట్టిన పార్టీలు ఇక్కడే ఆగిపోతున్నాయి.

అంతమంది అభ్యర్థులు లేకపోతే ఒక్కో చోట ఒక్కో గుర్తు వస్తుంది, ప్రచారం చీలిపోతుంది. గుర్తు వచ్చినా మీరు పోటీ చేయని చోట అది స్వతంత్రుల చేతికి వెళ్లవచ్చు. 2024 ఆంధ్రప్రదేశ్ ఎన్నికల్లో జనసేన గాజు గ్లాసు విషయంలో ఈ తగాదా హైకోర్టు దాకా వెళ్లింది.

ఎంపికలో చూపు మందగించినవాళ్లనే ముందు తలచుకోండి. నలుపు తెలుపులో చిన్న గడిలో అచ్చయినప్పుడు రెండు అడుగుల దూరం నుంచి ఏమిటో తెలియాలి. చేతికర్ర లాంటి సన్నని గీత గుర్తు అర్థవంతంగా తోస్తుంది, యంత్రం మీద కనిపించదు. పైగా చాలామంది పెద్దలకు తమను కర్రతో గుర్తించడం ఇష్టం ఉండదు. కారును పోలిన రోడ్డు రోలర్ గుర్తు మీద తెలంగాణలో ఎంత గొడవ జరిగిందో తెలిసిందే. మీ గుర్తు పెద్ద పార్టీ గుర్తును పోలి ఉంటే పొరపాటున కొన్ని ఓట్లు రావచ్చు, కానీ అంతకన్నా ఎక్కువ పోవచ్చు.

నామినేషన్

శాసనసభ అభ్యర్థికి ధరావతు 10,000, లోక్‌సభకు 25,000, ఎస్సీ ఎస్టీ అభ్యర్థులకు అందులో సగం. చెల్లిన ఓట్లలో ఆరో వంతు కన్నా ఎక్కువ రాకపోతే పోతుంది. లక్షా ఎనభై వేల ఓట్లు చెల్లితే 30,000 దాటాలి. పోయే డబ్బుగానే లెక్క రాసుకోండి. కనీస వయసు 25, గరిష్ఠ వయసు లేదు.

గుర్తింపు పొందిన పార్టీ అభ్యర్థికి ఒక ప్రతిపాదకుడు చాలు, మీకు పది మంది కావాలి. అందరూ ఆ నియోజకవర్గ ఓటర్లే అయి ఉండాలి. ఒక్కరు కాకపోయినా ఆ నామినేషన్ పత్రాల సెట్టు పోతుంది. ఒక అభ్యర్థి నాలుగు సెట్ల దాకా వేయవచ్చు కనుక వేర్వేరు పది మందితో కనీసం రెండు సెట్లు వేయండి. వేలిముద్ర వేసే ప్రతిపాదకులు రిటర్నింగ్ అధికారి లేదా ఆయన నియమించిన అధికారి ముందే వేయాలి. ఇంటి దగ్గర వేయించుకొచ్చిన ముద్ర చెల్లదు. పెద్దవాళ్లను ఎండలో ఆఫీసు చుట్టూ తిప్పకుండా, సంతకం చేయగలవారినే ప్రతిపాదకులుగా పెట్టుకోండి.

ఫలానావారు మా అభ్యర్థి అని పార్టీ ఇచ్చే ఏ ఫారం, బీ ఫారం నామినేషన్ల చివరి రోజు మధ్యాహ్నం 3 గంటలలోపు చేరాలి. వాటి మీద పెన్నుతో పెట్టిన సంతకమే ఉండాలి, స్కాన్ చేసిందీ రబ్బరు స్టాంపూ పనికిరావు. అభ్యర్థి ఆస్తులు, అప్పులు, కేసులు చెప్పే ఫారం 26 అఫిడవిట్‌లో ఏ గడీ ఖాళీ ఉంచకండి, లేకపోతే 'లేదు', 'వర్తించదు' అని రాయండి. రిటైరైన ఉద్యోగులు మరచిపోయేది ఒకటి: గత పదేళ్లలో ప్రభుత్వ క్వార్టర్‌లో ఉండి ఉంటే అద్దె, కరెంటు, నీరు, టెలిఫోన్ బకాయిలు లేవన్న ధ్రువపత్రాలు జత చేయాలి. అవి రావడానికి వారాలు పడుతుంది, నోటిఫికేషన్ వచ్చాక మొదలుపెడితే అందవు. ఎన్నికల ఖర్చుకు విడిగా బ్యాంకు ఖాతా నామినేషన్‌కు కనీసం ఒక రోజు ముందు తెరవాలి. ప్రమాణం నామినేషన్ వేశాక, పరిశీలన రోజుకు ముందే చేయాలి.

ప్రచారంలోనూ పోలింగ్ రోజునా

పెద్దల పార్టీ చేసే మంచి పనులే ఎన్నికల వేళ నేరమవుతాయి. కళ్లద్దాలు, చేతికర్రలు, బీపీ మాత్రలు పంచితే అది లంచం. ఓటర్లను ఆటోలో ఎక్కించి పోలింగ్ కేంద్రానికి తీసుకెళ్తే ప్రజాప్రాతినిధ్య చట్టం 123(5) సెక్షన్ కింద అక్రమం, గెలిచినా ఎన్నిక రద్దు కావచ్చు. వీల్‌చైరు, వాహనం కావాల్సినవారి పేర్లు బీఎల్‌ఓకు (బూత్ స్థాయి అధికారికి) ఇవ్వండి లేదా ఎన్నికల సంఘం సక్షమ్ యాప్‌లో పెట్టించండి. ఆ ఏర్పాటు ఎన్నికల యంత్రాంగానిది.

85 దాటినవారు, 40 శాతం వైకల్యం ఉన్నవారు ఇంటి నుంచే ఓటు వేయవచ్చు. నోటిఫికేషన్ వచ్చిన అయిదు రోజుల్లోపు 12డి ఫారం ఇవ్వాలి. అందుకే మీ దగ్గర 85 దాటినవారి జాబితా వీధుల వారీగా ముందే ఉండాలి. ఒకసారి ఇంటి ఓటుకు ఒప్పుకున్నాక కేంద్రానికి వెళ్లి వేయడం కుదరదని ప్రతి ఇంట్లో చెప్పండి, తర్వాత జగడం వద్దు. బృందం వచ్చే తేదీలు అభ్యర్థులకు తెలియజేస్తారు. మీ ప్రతినిధిని పంపండి, ఓటు ఎవరికన్నది మాత్రం అడగనివ్వకండి. కేంద్రానికి వచ్చే చూపులేని, వణికే చేతుల పెద్దలు 18 దాటిన ఒకరిని తోడు తెచ్చుకోవచ్చు. ఆ తోడు అదే రోజు రెండో వ్యక్తికి తోడుగా వెళ్లకూడదు. మీ కార్యకర్త ఒకడే పది మందికి చేయి పట్టుకుని వెళ్తే మొదటి ఫిర్యాదు మీ మీదే.

కరపత్రంపై ముద్రాపకుడి, ప్రచురణకర్త పేరు, చిరునామా లేకపోతే 127ఏ సెక్షన్ కింద ఆరు నెలల దాకా జైలు. అక్షరాలు 16 పాయింట్లకు తగ్గకుండా, వెనక వైపు ఖాళీగా వేయించండి. పలుచని కాగితం మీద రెండు వైపులా వేస్తే అక్షరాలు కలిసిపోయి పెద్దవాళ్లు చదవలేరు.

డబ్బు, లెక్కలు

అమెరికాలో ఉన్న పిల్లలు విరాళం పంపుతామంటారు. వాళ్లు ఇంకా భారత పౌరులైతే పరవాలేదు. అక్కడి పౌరసత్వం తీసుకుని ఉంటే, ఓసీఐ కార్డు (భారత సంతతి విదేశీయులకు ఇచ్చేది) ఉన్నా సరే, అది విదేశీ విరాళం, పార్టీ తీసుకోకూడదు. విరాళం ఇచ్చే ప్రతి ప్రవాసితో పాస్‌పోర్టు నంబరు రాసిన ప్రకటన తీసుకోండి. నగదు విరాళం ఒక్కొక్కరి నుంచి 2,000 దాటితే ఆదాయపు పన్ను మినహాయింపు చిక్కుల్లో పడుతుంది. ఏడాదిలో 20,000 దాటి ఇచ్చినవారి వివరాలు ఫారం 24ఏలో ఎన్నికల సంఘానికి ఇవ్వాలి, ఎవరూ లేకపోతే 'ఎవరూ లేరు' అని రాసి ఇవ్వండి.

శాసనసభ అభ్యర్థి ఖర్చు మన రెండు రాష్ట్రాల్లో 40 లక్షలు, లోక్‌సభకు 95 లక్షలు మించరాదు. మీకు ఆ భయం ఉండదు గానీ, లెక్క ఇవ్వకపోవడం భయపడాల్సిందే. అభ్యర్థి లెక్క ఫలితాలొచ్చిన 30 రోజుల్లోపు ఇవ్వకపోతే మూడేళ్ల అనర్హత వేటు పడవచ్చు. పార్టీ లెక్క విడిగా శాసనసభ ఎన్నికలకు 75 రోజుల్లో, లోక్‌సభకు 90 రోజుల్లో.

2025 ఆగస్టులో 334, సెప్టెంబరులో 474 నమోదిత పార్టీలను ఎన్నికల సంఘం జాబితా నుంచి తీసేసింది. కారణం ఆరేళ్లుగా ఒక్క ఎన్నికలోనూ పోటీ చేయకపోవడం. ఆడిట్ లెక్కలు ఇవ్వని మరికొన్నింటిపైనా చర్యలు మొదలయ్యాయి. మున్సిపల్ వార్డులో పోటీ చేసింది ఈ లెక్కలోకి రాదు, లోక్‌సభ, శాసనసభ, వాటి ఉప ఎన్నికలే చూస్తారు. వార్డుల్లో పోటీ వద్దని కాదు, అక్కడే గెలిచే అవకాశం ఎక్కువ. అక్కడి గుర్తుల నిబంధనలు రాష్ట్ర ఎన్నికల సంఘం దగ్గర విడిగా కనుక్కోండి. కానీ ఆరేళ్లలో ఒక్కసారైనా శాసనసభకో లోక్‌సభకో నిలబడాలి.

చివరగా చిరునామా. ప్రధాన కార్యాలయం అధ్యక్షుడి ఇంట్లో పెడతారు, ఆయన కూతురి దగ్గరికి బెంగళూరు వెళ్లిపోతాడు, నోటీసు తిరిగి వెళ్లిపోతుంది. చిరునామా మారినా, పదవిలో మనిషి మారినా ఎన్నికల సంఘానికి ఆలస్యం చేయకుండా రాయాలని 29ఏ సెక్షనే చెబుతోంది. రిజిస్టర్డ్ పోస్టులో పంపి, అందినట్టు రసీదును ఆడిట్ ఫైల్లోనే పెట్టండి.